సందు లేని తెర

“ఆ కప్పు అంటుకుంటే ఏం చేస్తార్రా?” అంది బెంగమ్మ.

అప్పటికి పెట్టె విప్పనే లేదు. పెరట్లో కొత్త పందిరి కింద నడుమెత్తు అట్టపెట్టె ఒకటి ఉంది. దాన్ని చుట్టిన పట్టీలు తెంచడానికి కొడుకు చాకు వెతుక్కుంటున్నాడు. అగ్గిపుల్ల గీయకముందే ఇల్లు తగలబెట్టేశావా అమ్మా అని నవ్వాడు. గ్యాసు బిగించడానికి వచ్చిన మనిషి కూడా నవ్వబోయి, ఆవిడ మొహం చూసి ఊరుకున్నాడు.

బెంగమ్మ అన్నది ఆవిడ పనిచేసే టార్పాలిన్ల కొట్టులో పెట్టిన పేరు. మబ్బు పట్టకముందే వరద గురించి, తుమ్ము రాకముందే ఆస్పత్రి గురించి మాట్లాడే మనిషికి అంతకంటే ఏం పేరు పెడతారు. ఆ పేరు కొట్టులోంచి ఇంట్లోకి కూడా నడిచొచ్చింది. ఏడేళ్ళ మనవరాలు చిట్టి అల్లరి చేయాలనిపించినప్పుడల్లా “బెంగ నానమ్మా” అని పిలుస్తుంది.

పెట్టెలో ఉన్నది గ్యాసుతో మండే చలిమంట. చూడడానికి పొట్టి బల్లలా ఉంటుందట, నడుమ గుంట, గుంటలో నల్లరాళ్ళు, ఆ రాళ్ళ సందుల్లోంచి మంట. కట్టెలక్కర్లేదు, పొగ ఉండదు. కొన్నది వియ్యపురాలు. బెంగమ్మ బెంగలో సగం సంగతి అదే. సెలవు రోజుల్లో కొడుకు ఆ పందిరి కడుతుంటే మూడు నెలలపాటు నిచ్చెన కాలు పట్టుకుని నిలబడింది తను. కప్పు పలకలు ఒక్కొక్కటే పైకి అందించింది తను. తీరా నాలుగు స్తంభాలూ నిలబడి, పైన కప్పు పడ్డాక, అందులో నడుమన కూర్చునే వస్తువు వియ్యపురాలిది.

మెడలో వేలాడే కొలత టేపు తీసి గ్యాసు మనిషికిచ్చింది. కొలిచి చెప్పు నాయనా అంది. అతను విసుక్కోలేదు. ముక్కాలిపీట ఎక్కి మంట లేచే చోటినుంచి కప్పు దాకా కొలిచి, కావలసినదానికంటే జానెడు ఎక్కువే ఉందమ్మా, కప్పుకేం భయం లేదు అన్నాడు. పైన దారాలకు వేలాడుతున్న, చిట్టి చేసిన కాగితం పిట్టల్ని మాత్రం తీసేయమన్నాడు, మంట మీద ఏదీ వేలాడకూడదట. ఇంటికి మీలాంటివాళ్ళు ఒకరుంటే మాకు సగం పని తగ్గుతుంది అని కూడా అన్నాడు. ఆ మాటకి బెంగమ్మకి ప్రాణం లేచొచ్చింది. పిట్టల్ని ఒక్కొక్కటే చిరగకుండా విప్పి ఒళ్ళో పెట్టుకుంది.

అంతలో వియ్యపురాలు వచ్చింది. బడిలో పిల్లలకు పాఠాలు చెప్పి రిటైరైన మనిషి, రెండు వీధులవతల ఉంటుంది. బూడిదరంగు శాలువా, చేతిలో గొడుగు, ఎప్పటిలాగే ఎక్కడా ముడత లేని చీర. కొడుకు ఎదురెళ్ళాడు.

“రండి అత్తయ్యగారూ, మీ చేత్తోనే విప్పాలి” అని, అప్పుడే దొరికిన చాకు ఆవిడ చేతికిచ్చాడు.

బెంగమ్మ ఒళ్ళో పిట్టల్ని సర్దుకుని, పొయ్యి మీద పాలున్నాయని లోపలికి వెళ్ళిపోయింది. పొయ్యి మీద పాలు లేవు. వంటింటి కిటికీలోంచి చూస్తూ నిలబడింది. పట్టీలు తెగాయి, బల్ల బయటికొచ్చింది. కొడుకు సిలిండరు దింపుకోవడానికి వీధిలోకి వెళ్ళాడు. గ్యాసు మనిషి గొట్టానికి సబ్బునురగ రాసి చూపిస్తున్నాడు, బల్ల అడుగున చిల్లులు చూపిస్తున్నాడు. తరవాత లేచి, పందిరి నాలుగు పక్కలా చెయ్యి తిప్పి ఏదో చాలాసేపు చెప్పాడు. వియ్యపురాలు పెట్టెలో వచ్చిన కాయితాన్ని చెయ్యి చాచి దూరంగా పట్టుకుని, అతను చెప్పినప్పుడల్లా అందులో చూసి తల ఊపుతోంది. పెరడంతా ఆవిడే కొనిపెట్టినట్టు ఎంత పొగుడుతున్నాడో చూడు అనుకుంది బెంగమ్మ. ఖాళీ గిన్నె ఒకటి తీసి, చప్పుడయ్యేలా గట్టు మీద పెట్టింది.

శుక్రవారం సాయంత్రం మొదటిసారి వెలిగించారు. కోడలు క్లినిక్కు నుంచి పెందలాడే వచ్చింది. పక్కింటివాళ్ళు గోడ మీదుగా తొంగి చూసి అడిగితే, “మా అత్తగారిచ్చారండీ” అని కొడుకు ఒకటికి రెండుసార్లు చెప్పాడు. చిట్టి దానికి అప్పుడే పేరు పెట్టేసింది, అమ్మమ్మ మంట. నానమ్మా, అమ్మమ్మ మంట దగ్గరికి రావా అని పిలుస్తుంటే కంట్లో కారం పడ్డట్టయింది బెంగమ్మకి. తను కుట్టిన కుర్చీ దిళ్ళు నాలుగూ ఏవని చూస్తే, ఒకటి సిలిండరు కింద ఉంది, నేల తడిగా ఉందని.

గాలి మాత్రం ఊరుకోలేదు. మంట ఒక పక్కకి వాలిపోయి ఇటున్నవాళ్ళకి మోకాళ్ళు కాలుతుంటే, అటున్నవాళ్ళకి పళ్ళు టకటకలాడుతున్నాయి. వియ్యపురాలు శాలువా బిగించుకుని, మంట బాగానే ఉంది, ఈ గాలి ఒక్కటే లేకపోతే అంది.

బెంగమ్మ చటుక్కున నిటారుగా కూర్చుంది. “నాలుగు పక్కలా తెరలు నేను కుడతాను. ఆదివారానికి గాలి దూరితే నా పేరు మార్చండి.”

“నీ పేరు మేం ఎప్పుడో మార్చేశాం కదమ్మా” అన్నాడు కొడుకు. అందరూ నవ్వారు. వియ్యపురాలు నవ్వలేదు.

“తెరలెందుకులెండి వదినగారూ. తలా ఒక శాలువా కప్పుకుంటే పోతుంది” అంది.

పోతుంది, నీకైతే పోతుంది అనుకుంది బెంగమ్మ. నీ వస్తువు పక్కన నా వస్తువు నిలబడకూడదు, అంతేగా.

తెల్లారి చీకట్లోనే లేచి పందిరి కొలిచింది. రాసుకోవడానికి ఏదీ కనబడలేదు. వంటింటి అరలో మంటబల్లతో వచ్చిన కాయితం మడత పెట్టి ఉంది. ఒకవైపు చిన్న చిన్న బొమ్మలు, చీమల్లాంటి అక్షరాలు, ఇంకోవైపు తెల్లగా ఖాళీ. కళ్ళజోడు కొట్టులోనే ఉండిపోయింది. అయినా ఆ కాయితంలో చదవడానికేముంది, ఆవిడ చదివేసిందిగా, పంతులమ్మ. తెల్లగా ఉన్న వైపు స్తంభానికీ స్తంభానికీ ఎంత, నేలనుంచి దూలానికి ఎంత, పెన్సిలుతో వేసుకుని కొట్టుకి పట్టుకెళ్ళింది.

శనివారమంతా మిషను మీదే. లారీ పట్టా ఒకటి మధ్యాహ్నానికల్లా కుట్టి పడేసి, యజమానిని అడిగి మిగులు ముక్కల్లో మంచివి ఏరుకుంది. మందపాటి ఆకుపచ్చ గుడ్డ, వాన నీళ్ళు జారిపోయే రకం. చిట్టికి బయట కనబడాలని ఒక్కో తెరకీ నడుమ పారదర్శకమైన ప్లాస్టిక్కు కిటికీ పెట్టింది. మైనం రాసిన దారం, అంచుకి మూడు మడతలు, మడత మడతకీ రెండు వరసల కుట్టు. పైన జానెడుకొక చిల్లు గుద్ది ఇత్తడి రింగు దిగ్గొట్టింది.

పక్క మిషను మీది మనిషి ఓరగా చూసి, “వియ్యపురాలి మీద కుడుతున్నావా బెంగమ్మా? కుట్టు ఎన్నడూ లేనంత బిగుతుగా పడుతోంది” అంది. నోరు మూసుకుని నువ్వు కుట్టే జిప్పు చూసుకో అంది బెంగమ్మ, కానీ నవ్వొచ్చింది.

ఆ కొట్టులో ఒక పద్ధతి ఉంది. ఏ తెరకైనా అడుగున నాలుగు వేళ్ళ సందు వదలాలి. పని నేర్పిన ముసలాయన మొదటిరోజే చెప్పిన మాట, గాలికి దారి ఇవ్వని తెర ఏదో ఒకరోజు చిరుగుతుందని. పాతికేళ్ళుగా వేళ్ళు ఆనించి చూసుకోకుండా ఆవిడ ఒక్క తెర కత్తిరించలేదు. ఈసారి కత్తెర అక్కడిదాకా వచ్చి ఆగింది. ఆ సందులోంచి గాలి దూరి వియ్యపురాలి పాదాలకి తగిలితే, చూశారా, నేను చెప్పలేదూ అంటుంది. అనకపోయినా ఆ ముడతలేని మొహం అంటుంది. కత్తెర కిందికి జరిపింది. నేలకి ఆని ఇంకా రెండు వేళ్ళు పరుచుకునేలా కత్తిరించి, అంచు మడతలో సన్నటి ఇనప గొలుసు దూర్చి కుట్టేసింది. ఇక తుఫానొచ్చినా లేవదు.

భయపడ్డమే పనిగా బతికిన మనిషికి ఆ రెండు రోజులూ ఒక్క భయమూ తోచలేదు.

ఆదివారం మధ్యాహ్నం నుంచి సన్నవాన. కొడుకూ తనూ కలిసి తెరలు కట్టారు. ఊడకుండా ప్రతి రింగుకీ ముడి మీద ముడి వేసింది బెంగమ్మ. నాలుగు గంటలకల్లా పందిరి పచ్చటి గదైపోయింది. మంట నిటారుగా, దీపంలా నిలబడింది. బయట వాన, లోపల వెచ్చగా. కోడలు చెప్పులు విప్పేసి కాళ్ళు చాపుకుంది. కొడుకు గోడవతలికి కేకేసి మరీ చెప్పాడు, “మా అమ్మ కుట్టింది!” అని. ఆ మాట బెంగమ్మ గుండెలోకి వేడివేడిగా దిగింది. వియ్యపురాలి వైపు చూడకూడదనుకుంటూనే చూసింది.

ఆవిడ తన కుర్చీని మంటకి దూరంగా, ఒక మూలకి లాక్కుంది. బాగున్నాయి వదినగారూ, చాలా బాగా కుట్టారు అంది. ఆ తరవాత, ఎవరూ చూడట్లేదనుకుందేమో, తెర అంచు చెప్పుతో ఎత్తి కుర్చీ కాలికి తగిలించింది. మూరెడు సందు పడింది. సర్రుమని చల్లగాలి.

బెంగమ్మ లేచి వెళ్ళి, అంచు లాగి గొలుసు నేలమీద సర్దింది.

కాసేపటికి మళ్ళీ సందు. ఈసారి గొడుగు అడ్డుపెట్టింది. బెంగమ్మ గొడుగు తీసి స్తంభానికి ఆనించి, తెర సర్దింది. మూడోసారి వెళ్ళేసరికి వియ్యపురాలు తలెత్తి ఆవిడ మొహంలోకి చూసింది, నోరు తెరిచింది, మూసేసింది. కళ్ళలో నిప్పులు పోసుకుందమ్మా అనుకుంది బెంగమ్మ. నలుగురూ మెచ్చుకుంటే తట్టుకోలేక నా తెరకి చిల్లు వెతుకుతోంది.

“చిట్టీ, లోపలికి పోదాం రా, నీకో కథ చెబుతా” అని పిలిచింది వియ్యపురాలు.

“నాకు ఇక్కడే బాగుంది అమ్మమ్మా” అని చిట్టి నానమ్మ ఒళ్ళోకి ఇంకా ముడుచుకుంది. బెంగమ్మ పిల్ల చుట్టూ చెయ్యి వేసి, కొంచెం ఎక్కువగానే దగ్గరికి తీసుకుంది. పిల్లకి నిద్దరొస్తోంది, లోపల పడుకోబెడదాం అని వియ్యపురాలు మళ్ళీ అంది. నా ఒళ్ళో పడుకుంటే నిద్ర కాదా అంది బెంగమ్మ. కొడుకు నవ్వి, మీ ఇద్దరూ చెరో చెయ్యి పట్టుకుని లాగకండి అన్నాడు. వియ్యపురాలు మూలకి జరిగి, చెప్పుతో తెర అంచు కొద్దిగా ఎత్తిపట్టి కూర్చుంది.

ఎంతసేపు గడిచిందో. కబుర్లు తగ్గాయి. కోడలు ఆవలించింది, వెంటనే కొడుకూ ఆవలించాడు. కణతల దగ్గర ఎవరో వేళ్ళతో కొడుతున్నట్టుంటే వేడికేమో అనుకుంది బెంగమ్మ. చిట్టి తలనొప్పి అంది. వేడి సరిపడకేమో అంది కోడలు. ప్లాస్టిక్కు కిటికీలు తెల్లగా మసకబారి వాటి లోపలివైపు నీళ్ళు కారుతున్నాయి. వాన బయట కదా పడుతోంది, నీళ్ళు లోపలెందుకు కారుతున్నాయి అని ఆవిడ ఆలోచన మెల్లగా, బురదలో నడిచినట్టు నడిచింది. అంతలో ఒళ్ళో వెచ్చగా తడి. పిల్ల వాంతి చేసుకుంది. చెయ్యి పట్టుకుంటే ఉడికిన కాడలా వేలాడింది. చిట్టీ అంటే పలకలేదు.

రెండు రోజులు ఎక్కడికో వెళ్ళిన భయం అప్పుడు ఒక్కసారే తిరిగొచ్చింది.

పిల్లని భుజానేసుకుని లేచింది. ముడులు విప్పబోయింది. అవి ఆవిడ వేసిన ముడులు, అంత తేలిగ్గా ఊడవు. ఒంటిచేత్తో కింద ఎత్తబోతే గొలుసు బరువు. నడుముకి చెక్కుకున్న చిన్న కత్తి తీసింది, దారాలు కోసే కత్తి. కిటికీ పైనుంచి కిందిదాకా ఒక్క లాగు లాగింది. మూడు మడతల అంచు దగ్గర కత్తి ఆగింది. ఉన్న బలమంతా పెట్టి కోసింది. చల్లగాలి మొహాన కొట్టింది. అమ్మకి మళ్ళీ పట్టుకుంది అని కొడుకు అనబోయి, తనే లేవబోయి మోకాళ్ళ మీద పడ్డాడు. వియ్యపురాలు పాకినట్టు వెళ్ళి మంట బల్ల మీట ఆపేసి, కూతుర్ని రెక్క పట్టి బయటికి లాగింది.

వానలో, తడిగడ్డి మీద, నలుగురు పెద్దవాళ్ళు పిల్ల చుట్టూ కూర్చుని ఊపిరి పీల్చారు.

ఆస్పత్రిలో చిట్టి మూతికి ఆక్సిజను గొట్టం పెట్టారు. మూసిన చోట గ్యాసు వెలిగించారా అని డాక్టరమ్మ అడిగింది. గాలి చాలకుండా మంట మండితే విషం పుడుతుందట, దానికి రంగూ వాసనా ఉండవట, కొంచెం తలనొప్పీ నిద్రమత్తూ, ఆ తరవాత లేవడమే ఉండదట. తెరలు ఎవరు కట్టించారు అని అడిగింది.

“గాలిగా ఉందని నేనే అన్నానండీ” అంది వియ్యపురాలు.

సోమవారం మధ్యాహ్నానికి చిట్టి ఇంటికొచ్చింది. బిస్కెట్లు తిని, బడికెళ్ళక్కర్లేదని తెలిసి సంతోషించి, పడుకుంది. కొడుకుని మాత్రం కోపం నిలవనీయలేదు. ఫోను చేసి గ్యాసు మనిషిని పిలిపించాడు. అతను సంచీతో పందిరి కిందికి వచ్చాడో లేదో కొడుకు విరుచుకుపడ్డాడు. బిగించి డబ్బు తీసుకుపోవడమేనా, ఒక్క మాట చెప్పాలని తెలీదా, నా కూతురు పోయుంటే నువ్విచ్చేవాడివా, నిన్ను ఎవరూ గుమ్మం ఎక్కించకుండా చేస్తాను అని, ఇంకా అనకూడని మాటలు కూడా అన్నాడు. గ్యాసు మనిషి, వేలాడుతున్న తెర చీలికలకేసి, నేల మీద గొలుసుకేసి చూశాడు.

“నేను చెప్పానండీ” అన్నాడు మెల్లగా. “వెలిగినంతసేపూ కనీసం రెండు పక్కలు పూర్తిగా తెరిచి ఉండాలి, తెర అనేదే కట్టకూడదు అని చెప్పాను. కాయితంలోనూ ఉంది.”

ఎవరికి చెప్పావు అని కొడుకు గద్దించాడు. అతను తల వంచుకుని సంచీ పట్టీ సరిచేసుకున్నాడు. ముసలావిడ పేరు బయటపెట్టడం అతనికి ఇష్టం లేనట్టుంది.

వియ్యపురాలు కుర్చీలోంచి లేచి నిలబడింది. “ఆయన చెప్పాడు బాబూ. నాకే చెప్పాడు. చెయ్యి తిప్పి చూపించి మరీ చెప్పాడు.”

కొడుకు ఎవరివైపూ చూడలేక, గ్యాసు మనిషి సంచీ తను అందుకుని గేటు దాకా మోసుకెళ్ళాడు. అక్కడ ఇద్దరూ ఏం మాట్లాడుకున్నారో వినబడలేదు.

బెంగమ్మ లోపలికెళ్ళి కాయితం తెచ్చింది. కళ్ళజోడు పెట్టుకుంది. ఒకవైపు తన అంకెలు, స్తంభానికి స్తంభానికి, నేలకి దూలానికి. వెనక్కి తిప్పితే, సరిగ్గా ఆ అంకెల వెనకాల, నాలుగు స్తంభాల బొమ్మ. స్తంభాల మధ్య తెరలు. వాటి మీద అడ్డంగా ఎర్రటి గీతలు రెండు. చదువే అక్కర్లేదు దానికి, చిట్టికైనా తెలుస్తుంది. పెన్సిలు నొక్కి రాసిన చోట ఆ బొమ్మ మీద అంకెల గాట్లు పడి ఉన్నాయి.

నేల మీద కూలబడి, తెగిన తెర ఒళ్ళోకి లాక్కుని, చిన్న కత్తితో అంచు కుట్లు విప్పడం మొదలుపెట్టింది. గొలుసు బయటికి రావాలంటే రెండు వరసలూ విప్పాలి. బిగుతుగా పడ్డ కుట్టు. ఒక్కో పోగూ తెంపి, ఊదేసి, ఇంకో పోగు.

“కాయితం చూసింది మీరు. అతను చెప్పింది మీకు. అయినా తెరలెందుకులెండి, శాలువా కప్పుకుందాం అన్నారే గానీ, ఇది ప్రమాదం వదినా అని ఒక్క మాట ఎందుకనలేదు?” తల ఎత్తకుండానే అడిగింది. “కుర్చీ కాలితో తెర ఎత్తారు, గొడుగు పెట్టారు. నోరు మాత్రం విప్పలేదు.”

వియ్యపురాలు మంటబల్ల గుంటలో నల్లరాయి ఒకటి తీసి, శాలువా కొసతో తుడిచింది. మళ్ళీ అక్కడే పెట్టింది. ఇంకోటి తీసింది. కప్పు పలకల మీంచి నిన్నటి వాన నీళ్ళు ఒక్కో బొట్టే రాలుతున్నాయి. బెంగమ్మ జానెడు కుట్టు విప్పింది. గొలుసు కొస బయటికొచ్చింది. లోపల చిట్టి నిద్రలో పక్కకి తిరిగిన చప్పుడైతే ఇద్దరూ ఒక్కసారే తలలెత్తి, అది కేవలం మంచం చప్పుడేనని తేలాక దించుకున్నారు. ఇంకో జానెడు. సమాధానం ఇక రాదనుకుంది. గొలుసు మొత్తం బయటికి లాగి, నేల మీద చుట్టగా పేర్చింది.

“మీ అబ్బాయి మా అమ్మ కుట్టింది అన్నప్పుడు మీ మొహం చూశాను వదినా” అంది వియ్యపురాలు, చేతిలో రాయి వైపే చూస్తూ. “అప్పుడు నేను చెబితే, ఓర్వలేక చెబుతోందనుకుంటారని ఊరుకున్నాను. అది అబద్ధం కూడా కాదు. అంత డబ్బు పెట్టి మంట నేను కొన్నాను. పిల్ల వచ్చి మీ ఒళ్ళో పడుకుంది.”